పదిహేడో పుటకు అర్థం

పుదుచ్చేరి
1931 జూలై 6

మదరాసులో ‘నవరేఖ’ పత్రిక నడిపే పట్టాభిరామన్ గారికి పుదుచ్చేరి వీరాసామి దండం పెట్టి అడిగేది.

నేను ఉత్తరాలు రాసే మనిషిని కాను. రెండు చింపి ఇది మూడోది రాస్తున్నాను. ఇక్కడి రేవులో ఓడలకు జెండాలు ఎక్కించే పని ముప్పై ఏండ్లు చేసినాను. ఏది చెప్పాలన్నా జెండాతో చెప్పేది. నోటితో అలవాటు తక్కువ.

మీ పత్రిక మా వీధి త్యాగరాజన్ పేరుమీద వస్తుంది. వాళ్ళు తెలుగువాళ్ళే. ఈ ఊరు వచ్చి రెండు వందల ఏండ్లయింది. ఇంట్లో తెలుగు, బడిలో తమిళం, కచేరీలో ఫ్రెంచి. ఆయనకు తెలుగు మాట వచ్చు, అక్షరం రాదు. నాకు అక్షరం వచ్చు, నెల్లూరు పక్క పల్లెబడిలో ఇసుకలో దిద్దినాను. కానీ చదివినదానికి అర్థం తెలియదు. కాబట్టి సాయంత్రం ఆయన వసారాలో నేను చదివేది, ఆయన అర్థం చెప్పేది. పదకొండేండ్లు ఇట్లా జరిగింది.

మీ మే నెల సంచిక పదిహేడో పుటలో ఒక పద్యం ఉంది. రాసినవారి పేరు లేదు.

వేలు ముందు నడుస్తుంది
గొంతు వెనక వస్తుంది
రెండింటి నడుమ
నేను కూర్చున్నాను.

దారి ఆయనది
ఊరు నాది.
పొద్దా, ఆగు
ఇంకొక్క పుట ఉంది.

ఇది చదివి నేను, “ఏందిది త్యాగరాజన్, తలా లేదు, తోకా లేదు. రాసినవానికి వేరే పని లేదా?” అన్నాను. ఆయన నవ్వినాడు. దగ్గు వచ్చేదాకా నవ్వినాడు. “నవ్వింది చాలు, అర్థం చెప్పు” అన్నాను. “రేపు చెప్తా పో” అన్నాడు.

తెల్లవారి ఆయన లేడు. గుండె.

పదకొండేండ్లలో ఆయన అర్థం బాకీ పెట్టింది ఇది ఒక్కటే. దయచేసి అర్థం ఏందో ఒక కార్డుమీద రాయండి.

ఇట్లు,
వీరాసామి

మరచిన సంగతి: పత్రిక ఆయన పేరుమీదే పంపండి. తపాలా మనిషి వీధిలో నిలబడి “త్యాగరాజన్!” అని పిలుస్తాడు. నెలకొకసారి ఆ పిలుపు వినబడుతుంది.


మదరాసు
1931 జూలై 13

రసజ్ఞులైన వీరాసామి గారికి పట్టాభిరామన్ ప్రణామాలు.

మీ ఉత్తరం అందింది. దేశం మొత్తంమీద పదిహేడో పుట దాకా వచ్చిన మొదటి పాఠకులు మీరే. తక్కినవారందరూ పదహారో పుటలోని తలనూనె ప్రకటన దగ్గరే ఆగిపోతున్నారని నాకు అనుమానం.

అయితే ‘అర్థమేమిటి’ అనే ప్రశ్న పాతకాలపుది. పాత పద్యం పెట్టె వంటిది. కవి లోపల అర్థం పెట్టి తాళం వేస్తాడు, పండితుడు వచ్చి తీస్తాడు. కొత్త పద్యంలో లోపల ఏమీ ఉండదు. అది అద్దం. ఎవరు చూస్తే వారి ముఖమే దానికి అర్థం. కవి దేన్నీ పేరు పెట్టి పిలవడు, సూచించి ఊరుకుంటాడు. ఫ్రెంచి కవులు ఈ దారినే పోతున్నారని విన్నాను. వారి నడుమ నివసించే మీకు నేను చెప్పేదేముంది!

కవి ఏమనుకొని రాశాడన్నది కూడా మనకు అనవసరం. పద్యం అచ్చయిన మరుక్షణం కవి చనిపోతాడు. మిగిలేది మీరూ, ఆ పద్యమూ.

కాబట్టి నేనే మిమ్మల్ని అడుగుతున్నాను. అది చదివినప్పుడు మీకు ఏమనిపించింది? అదే అర్థం.

భవదీయుడు,
పట్టాభిరామన్

తా.క. ఆ పద్యం పేరు లేకుండానే వచ్చింది. విషయసూచికలో ‘శూన్యంలో బాటసారి’ అని పెట్టినది నేనే. బాగుంది కదూ?


పుదుచ్చేరి
1931 జూలై 24

పట్టాభిరామన్ గారికి వీరాసామి దుఃఖంతో రాసేది.

కవిగారు చనిపోయినారని రాసినారు. నాకు చాలా కష్టమయింది. అచ్చయిన మరుక్షణమే అన్నారు. అంటే ఆయన కూడా మే నెలలోనే పోయినాడు. ఏ జబ్బు? పెండ్లాం, బిడ్డలు ఉన్నారా? నేను త్యాగరాజన్‌కు సాయంత్రం ఒక దీపం పెడతాను. నిన్నటి నుంచి కవిగారికి పక్కన ఇంకొకటి పెడుతున్నాను. పేరు తెలియదు కాబట్టి ‘పదిహేడో పుట ఆయనకు’ అనుకొని పెట్టినాను.

అద్దం అన్నారు. చూసినాను. ముసలి మొహం ఉంది. అది నాకు ముందే తెలుసు.

చదివినప్పుడు ఏమనిపించిందని అడిగినారు. మే నెలే అయినా ఆ సాయంత్రం గాలివాన పడింది. చలి. శాలువ మరచిపోయినాను. వెతికినాను. లేదు. త్యాగరాజన్ తన భుజం మీది తుండు ఇచ్చినాడు. ఇంతకంటే ఏమీ అనిపించలేదు.

నా బుద్ధి చాలదని తెలిసినవాళ్ళను అడిగినాను. కోర్టులో బంట్రోతు నటరాజన్, “ఇది పోలీసువాడు మామా. ముందు వేలు చూపిస్తాడు, ఆనక గొంతు లేస్తుంది. నడుమ కూర్చుండేది మనం” అన్నాడు. తేంగాయితిట్టు నుంచి చేపలు తెచ్చే అంజలై గంప దించి పూర్తిగా వినింది. “వేలు ఒకటే ముందర పోతాదా? గొంతు ఎనకాల వస్తాదా? మనిషి యాడ? అయ్యో తాతా, అది కొరివిదెయ్యం! మా రేవులో చూసినోళ్ళు ఉండారు. ఆ పొత్తకం ఇంట్లో పెట్టుకోవాక. ఇట్లా పారెయ్, చేపలు చుట్టుకుంటా” అనింది.

ఇవ్వలేదు.

ఇట్లు,
వీరాసామి

మరచిన సంగతి: మీ దగ్గర ఇంకా కవులు ఉంటారు. అచ్చు వేసేముందు వాళ్ళ ఇండ్లలో ఒక మాట చెప్తారా?


మదరాసు
1931 ఆగస్టు 8

కవిశేఖరులు వీరాసామి గారికి పట్టాభిరామన్ పాదాభివందనం.

దాచుకున్నది చాలు! రేవులో జెండాలు ఎక్కించేవాడినని చెప్పి నన్ను మోసగించాలని చూశారు. ఆ వ్యంగ్యం, ఆ కవి మరణానికి పెట్టిన దీపం! నా సిద్ధాంతాన్ని ఇంత సున్నితంగా ఎవరూ వెక్కిరించలేదు. మీ వాక్యాలను ఆగస్టు సంచిక మొదటి పుటలోనే వేశాను.

చలి.
శాలువ మరచిపోయినాను.
వెతికినాను.
లేదు.

నాలుగు వరుసల్లో ఈ శతాబ్దపు ఒంటరితనమంతా ఉంది. కింద ఆరు పుటల వ్యాఖ్య నేనే రాశాను. ‘శూన్యంలో బాటసారి’ గురించి కూడా అందులో తేల్చాను. వేలు అంటే దూసుకుపోయే యంత్రయుగం. గొంతు అంటే వెనకబడిన సంప్రదాయం. నడుమ నలిగేది నేటి మనిషి.

అంజలై గారి విమర్శ అమోఘం. వారు ఏ కళాశాలలో చదివారు?

మీ భక్తుడు,
పట్టాభిరామన్

తా.క. జవాబు కోసం తపాలా బిళ్ళ జతచేశాను. మౌనం వహించవద్దు.


పుదుచ్చేరి
1931 సెప్టెంబరు 5

పట్టాభిరామన్ గారికి వీరాసామి మంచం మీద నుంచి లేచి రాసేది.

పత్రిక చేరింది. నా ఉత్తరం నాలుగు ముక్కలుగా ఉంది. తపాలాలో చినిగిందా?

అచ్చయిన మరుక్షణం కవి చనిపోతాడని మీరే రాసినారు. నా పేరు అచ్చులో చూసి తలుపు దగ్గరగా వేసి పడుకున్నాను. గడియ పెడితే వచ్చినవాళ్ళకు కష్టమని పెట్టలేదు. నాలుగు దినాలు చూసినాను. త్యాగరాజన్ ఇల్లాలు అంబుజం చెల్లెమ్మ గంజి తెచ్చి, “ఏందన్నా, ఒళ్ళు బాగలేదా?” అనింది. “పద్యం అచ్చయిందమ్మా” అన్నాను. ఆమెకు అర్థం కాలేదు. అయిదో దినం ఆకలి అయింది. లేచినాను. పద్యం సరిగా కుదరలేదేమో.

శాలువ దొరికింది. దండెం మీదనే ఉంది. అది కూడా అచ్చు వేయండి, జనం వెతుకుతా ఉంటారు. బెజవాడ నుంచి ఒకాయన, శాలువ అంటే స్వరాజ్యమా అని రాసినాడు. నేను ఫ్రెంచివారి పింఛను తినేవాణ్ణి. నాకు భయం. శాలువ అంటే శాలువ. బూడిదరంగు. ఒక పక్క ఎలుక కొట్టింది.

ఇంకొకటి అడగాలి. అడగడానికి వారం ఆలోచించినాను.

అర్థం పద్యంలో ఉండదని, చదివేవానిలో ఉంటుందని అన్నారు. పదకొండేండ్లు త్యాగరాజన్ చెప్తే అన్నీ అర్థమయినాయి. అవి పుస్తకంలో ఉన్నాయనుకున్నాను. మీ మాట ప్రకారం ఆయనలో ఉండినాయి. అట్లయితే ఆయనతో పాటే పోయినాయి. మొన్న పాత సంచిక ఒకటి తీసినాను. ఆయన విడమరచి చెప్పిన పద్యమే. చదివినాను. ఉత్త అక్షరాలు కనబడినాయి.

అది ఒక్కటి నిజం కాదని రాయండి. పదిహేడో పుటకు మాత్రమైనా లోపల ఏదో ఉందని రాయండి.

ఇట్లు,
వీరాసామి

మరచిన సంగతి: మీ ఇంగిలీషు బిళ్ళను ఇక్కడి ఫ్రెంచి తపాలాలో తీసుకోరు. పదిహేడో పుటలో గుర్తుకు పెట్టినాను.


మదరాసు
1931 సెప్టెంబరు 19

పెద్దలు వీరాసామి గారికి పట్టాభిరామన్ క్షమాపణలు.

మీరు నిజంగానే జెండాలు ఎక్కించేవారని, నిజంగానే నాలుగు రోజులు పడుకున్నారని ఇప్పుడు తెలిసింది. సిగ్గుగా ఉంది.

అయ్యా, కవులు చనిపోరు. అది సిద్ధాంతం. మాట వరసకు అన్నది. పదిహేడో పుట కవి ఎక్కడో హాయిగా భోంచేస్తూ ఉంటాడు, ఆయన దీపం దయచేసి ఆర్పేయండి. ఇక ఆ పద్యం నాకూ అర్థం కాలేదు. అందుకే వేశాను. అర్థమైనవి తిప్పి పంపడం మా పత్రిక పద్ధతి.

కవి బతికే ఉన్నాడని రుజువు చేద్దామని పాత కట్టలన్నీ విప్పాను. అసలు కాగితం దొరికింది. మాటలు తెలుగే కానీ రాసింది తమిళ అక్షరాలతో. నాకు అవి రావు. అప్పట్లో మా అచ్చు కూర్చే తంగవేల్ బిగ్గరగా చదివితే నేను తెలుగులో రాసుకున్నాను. కాగితం వెనక కూడా ఏదో ఉంది. అది చదవమని నేను అడగలేదు. తంగవేల్ ఇప్పుడు సెలవు మీద ఊరికి పోయాడు. కవరు ఎప్పుడో పోయింది. ఆ కాగితాన్నే దీనితో పంపుతున్నాను. మీ ఊళ్ళో తమిళం చదివేవారికి కొదవ లేదు కదా. చదివించి, కవి చిరునామా ఉంటే నేరుగా ఆయననే అర్థం అడగండి.

విధేయుడు,
పట్టాభిరామన్

తా.క. శాలువ దొరికిన సంగతి అక్టోబరు సంచికలో వేస్తున్నాను. వరుసలు విరవను.


పుదుచ్చేరి
1931 అక్టోబరు 7

పట్టాభిరామన్ గారికి వీరాసామి.

కాగితం చేరింది. అంబుజం చెల్లెమ్మకు తమిళం వచ్చు. తీసుకుపోయి చేతికి ఇచ్చినాను. ఆమె చదవలేదు. ఊరికే చూస్తా నిలబడింది.

“ఏమ్మా, రాత బాగలేదా?” అన్నాను.

“రాత బాగుందన్నా” అనింది. “ఇది మా ఆయన చేతిరాత.”

తర్వాత వెనక పక్క చదివింది. ఉన్నది ఉన్నట్టు మీకు రాస్తున్నాను.

‘అయ్యా, దీనికి నా పేరు వేయవద్దు. ఇది మా వీరాసామిని గురించి. నాకు చదివి వినిపించేటప్పుడు ఆయన వరుస కింద వేలు పెట్టుకుంటాడు. వేలు కదిలినాకే గొంతు కదులుతుంది. ఆ సంగతి ఆయనకే తెలియదు. అచ్చయితే ఆయన నోటనే వినాలని నా ఆశ. నేను రాసినానని తెలిస్తే సిగ్గుతో గొంతు పెగలదు. అర్థం చెప్పమంటాడు. రేపు చెప్తానంటాను. ఒక్క దినం తిప్పలు పడనీ.’

అయిదు నెలలు పడినాను.

“ఆయనకు చదివి వినిపించినావా?” అని చెల్లెమ్మ అడిగింది. వినిపించినానన్నాను. “విని నువ్వేమన్నావు?” అనింది. చెప్పక తప్పలేదు. రాసినవానికి వేరే పని లేదా అన్నానని చెప్పినాను. ఆమె కొంగు నోటికి పెట్టుకొని నవ్వింది. ఆయన పోయినాక ఆమె నవ్వడం ఇదే.

ఇంటికి వచ్చి పదిహేడో పుట తీసి చదివినాను. వేలు చూసుకున్నాను. నిజమే, పెడుతున్నాను.

ఈ పద్యానికి లోపల ఉంది. ఇంతకంటే నేను చెప్పలేను. తక్కిన వాటి సంగతి మీకే తెలియాలి.

సాయంత్రం మళ్ళీ ఆ వసారాలో చదువుతున్నాను. చెల్లెమ్మ గడప లోపల కూర్చొని వింటుంది. అర్థం ఇద్దరికీ తెలియదు. మీ పత్రికకు అది చాలుననుకుంటాను.

ఇట్లు,
వీరాసామి

మరచిన సంగతి: కవిగారి దీపం ఆర్పమన్నారు. రెండు దీపాలూ ఒక్కరికే అని తెలిసింది. అయినా ఆర్పలేదు. ఒకటి ఆ వసారాలో నాకు తెలిసిన మనిషికి, ఒకటి పదిహేడో పుట ఆయనకు.

ఇంకొకటి: కవి పోయినాడని మీరు మాట వరసకు రాసినారు. నేను నిజమనుకున్నాను. చూస్తే నాదే సరి. ఒక మాటకు అర్థం ఎవరూ చెప్పకుండా నేనే సరిగా కనుక్కోవడం ఇదే మొదలు. చెప్తే ఆయన దగ్గు వచ్చేదాకా నవ్వి ఉండేవాడు.