నీ ఆఖరి వేషం

అమ్మా,

నీ ఆఖరి సినిమా చూశాను. శుక్రవారం సెలవు. మా రూములో ఉండే యాదగిరిని వెంటబెట్టుకుని, బురైదా నుంచి మూడున్నర గంటలు కారులో రియాద్ వెళ్లాను. ఇక్కడ ఉండటానికిచ్చే ఇకామా కార్డు రెన్యువల్ కాక నీ దహనానికి రాలేకపోయాను. కనీసం ఒక్కసారి నీ గొంతన్నా విందామనుకున్నాను.

నాటకాల రోజుల్లో మైకు పాడైతే అందరూ ఆగిపోయేవాళ్లు, నువ్వు తప్ప. సినిమాల్లో మాత్రం ఎప్పుడూ పక్కింటామెవో, నర్సువో. "మొఖం ఎవలకు యాదుంటది బిడ్డా, గొంతు యాదుంటది" అనేదానివి.

ఈసారి హీరో తల్లివి. రెండు సీన్లు. నువ్వు నోరు తెరిచావు, వేరే ఎవరో మాట్లాడారు. డబ్బింగ్ చెప్పేలోగానే నువ్వు పోయావు కదా, ఇంకొకామెతో చెప్పించారు. అంత దూరం వెళ్లేదాకా ఆ సంగతి నాకు తట్టనే లేదు. పాపం, ఆమె బాగానే చెప్పింది. అదే నాకు మండింది. నీ పెదాలనే చూస్తూ కూర్చున్నాను.

తిరుగు దారిలో, బురైదా దగ్గరపడ్డాక యాదగిరి అన్నాడు.

"మీ అమ్మ గొంతు మస్తుగున్నదన్నా."

"అవును తమ్మీ" అన్నాను.