శుక్రవారం రానివ్వని కిన్నెర

ఎస్సై సారుకు,

నా పేరు బాలమణి, వయసు డెబ్బై ఒకటి. గద్వాల చీరలు నేసే ఇల్లు. నేను, మా ముసలాయన ఇద్దరమే ఉంటాం.

శుక్రవారం నా కంటి ఆపరేషన్. ఆటో వాకిట్లోకి రాగానే ఆయన కిన్నెర వాయిస్తాడు. వెంటనే మళ్లీ గురువారం పొద్దున అవుతుంది. ఇప్పటికి పదకొండుసార్లు ఇట్లాగే చేశాడు. నేసిన అంచంతా మళ్లీ ఉత్త పోగులే.

"ఏందయ్యా నీ లొల్లి?" అని అడిగాను.

"దవాఖానకు పోయి నువ్వు రాకుంటే నేనేం గావాలె?"

"పోగు కనవడక నేను సస్తున్న, నీకు భయమైతుందా?"

ఆయనను కొట్టకండి, కిన్నెర మాత్రం పట్టుకుపోండి. ఈరోజు గురువారం, ఈరోజే రండి. మీకు గుర్తుండదు గానీ, కిందటిసారి "రేపొస్తలే అవ్వా" అన్నారు. ఆ రేపు ఇంకా రాలేదు.

బాలమణి వేలిముద్ర
సాక్షులు: సయీదా (రాసినది), మస్తాన్