రాజీలో రాసిచ్చేసిన అక్క ప్రెస్సు

అక్కా,

ఇక్కడ అందరం కులాసా, నువ్వు కంగారుపడకు. కాగితాల డిపో ఆయనతో నా బాకీ గొడవ కోర్టులో రాజీ అయింది. డబ్బుకు బదులు షాపులో సామానంతా ఇస్తానని జడ్జిగారి ఎదుటే సంతకం పెట్టాను. "జాబితాలోవన్నీ నీవేనా?" అని జడ్జిగారు అడిగితే, "నావేనండీ" అని తలూపేశాను.

తిరిగొచ్చి, పుస్తకాలు బిగించే ఇనుప ప్రెస్సు తుడుస్తుంటే నువ్వు గుర్తొచ్చావు. నాన్న బైండింగు చేస్తుంటే ఆ పిడి పట్టుకుని వేలాడేదానివి. "మా పెద్దపిల్ల బరువు పడితేగాని పుస్తకం బిగియదు, ఈ ప్రెస్సు దానిదే" అనేవారు. ఆయన పోయాక, "నీ దగ్గరే ఉండనీరా" అన్నావు. ఇరవై ఏళ్లు వాడుకుని, నాదే అనుకున్నాను.

రాజీలోంచి అదొక్కటి తీసేయమని నిన్న అర్జీ పెట్టాను. జడ్జిగారు కళ్లజోడు తీసి, "ఒప్పుకుని సంతకం పెట్టింది నువ్వే కదయ్యా!" అన్నారు.

"సంతకం నాదేనండీ, ప్రెస్సు మా అక్కది" అన్నాను.

అయితే ఆ అక్కనే పదిహేనో తేదీన వచ్చి చెప్పమన్నారు.

నీ పెళ్లయ్యాక నాన్న రాసిన ప్రతి కార్డులోనూ "నీ ప్రెస్సుకు నూనె వేశాను" అని ఉండేది. అవి దాచావా? దాస్తే తీసుకురా. బావగారి మోకాలి నొప్పి తగ్గిందా? పిల్లలకు నా ఆశీస్సులు.

చోటు చాలక అంచున రాస్తున్నాను. ఇన్నేళ్లలో "అది నాది" అని నువ్వు ఒక్కసారీ అడగలేదు. ఇప్పుడు అడుగు అక్కా, జడ్జిగారి ముందు, గట్టిగా.

నీ తమ్ముడు