ఇటు చూడొద్దన్నాను

యాదమ్మక్కా,

నువ్వు పోయి ఏడాది కావస్తోంది. రాయదుర్గంలో పబ్బుల వెనక సందులో నువ్వు మల్లెపూలు అమ్మిన చోట ఇప్పుడు బైకులు పెడుతున్నారు.

మొన్న మీ అమ్మాయి స్వప్న మా ఇంటికి వచ్చింది. "అమ్మ సంవత్సరీకానికి ఫోటో కట్టియ్యాలె అన్నా. మూడేండ్లు రాత్రిళ్లు ఆ గల్లీల ఫోటోలు తీసినవు గద, మొఖం మంచిగ కనవడేది ఒక్కటన్న ఉన్నదా?" అంది.

ఇద్దరం కూర్చుని అన్నీ చూశాం. ఒకదాంట్లో తాగి తూలుతున్నవాడికి నీళ్లిస్తున్నావు. ఇంకోదాంట్లో ఏడుస్తున్న డాన్సర్ పిల్ల జడలో పూలు పెడుతున్నావు. ఎందులోనూ ఇటు చూడలేదు.

ఒకరోజు నువ్వు కొత్త చీర కట్టుకొచ్చి, కొంగు సర్దుకుని నా ఎదురుగా నిలబడ్డావు. "జర మంచిగ తియ్యి తమ్మీ, ఇంట్ల పెట్టుకుంట" అన్నావు. "కెమెరా వైపు చూస్తే సహజంగా ఉండదక్కా, నీ పని నువ్వు చేసుకో" అన్నాను. నువ్వు నవ్వి, బుట్ట వైపు తిరిగావు. అప్పుడు తీశాను.

ఆ ఫోటో దగ్గర స్వప్న చాలాసేపు ఆగింది.

"అమ్మ ఎటు చూస్తున్నదన్నా?"

"పూలబుట్ట వైపు" అన్నాను. ఇటు చూడొద్దన్నది నేనేనని చెప్పలేకపోయాను.