ఉతకని అమీను అంగీ

ఈదమ్మా, దుత్తల అంబలి ఉన్నది, తాగు. గాడిదను నీడకు కట్టెయ్యి.

నేను అంగడికి పోతున్న. నిన్న సంగం మీటింగుల మీ బాపును కొట్టి ఠాణాల ఏసిన పోలీసు అమీను, పొద్దుగాల్నే తన ఖాకీ అంగీ ఉతకమని పంపిండు. దాని చేతుల మీద మీ బాపు నెత్తురున్నది బిడ్డా. లగ్గమై వచ్చినప్పటి సంది ఠాణా బట్టలు వెట్టికి ఉతికిన, మరక ఎవరిదని అడగలె. ఇది మాత్రం ఉతక. అంగడి నడుమ దండెం కట్టి ఆరేస్త. "ఎవరి నెత్తురు అవ్వా?" అని అడిగినోళ్లకల్ల పేరు పెట్టి చెప్త. మీటింగు పెట్టద్దన్నడు గద, బట్టలారేయద్దని ఏ హుకుం ఉన్నదో వాడే వచ్చి చూపియ్యాలె.

తల దువ్వుకో, గట్లనే తిరగకు.

మరిచిన. మీటింగుకాడ దొరికిన మీ బాపు రుమాలు సందుగుల ఉన్నది, ఉతకకు. నన్నూ పట్టుకపోతే వచ్చే అంగడికి నువ్వు దాన్ని ఆరేయి.