ఒక్క ఖాళీ బిందె కావాలి

మహబూబ్‌నగర్

పీడిత ప్రజల పక్షాన నిలిచిన మా పెద్దమ్మ గోపమ్మకు కమలాకర్ పిడికిలెత్తి చేసే వందనాలు.

ఫోన్ చేస్తే సగం విని "మంచిది బిడ్డా" అని పెట్టేస్తున్నావు. అందుకే ఉత్తరం. మీ వాడకు నల్లాలు పెట్టి ఏడాదైంది. చుక్క రాలేదు. ఊరి బయటి బోరే దిక్కు. ఈ నిజాన్ని డాక్యుమెంటరీగా తీస్తాను. నా తొలి చిత్రం! ఆదివారం కిరాయి కెమెరాతో దిగుతున్నాను. మీరేమీ చేయకండి. ఆడవాళ్ళంతా ఖాళీ బిందెలతో నాకు ఎదురు రండి, చాలు. వ్యవస్థ తలదించుకోవాలి!

మండుతున్న నీ బిడ్డ,
కమలాకర్

తా.క.: ఈ సినిమా ఆగిపోతే నాయిన నన్ను ఎరువుల దుకాణంలో కూర్చోబెడతాడట. యూరియా బస్తాల మధ్య విప్లవం ఎట్లా వస్తుంది?

*

కమలాకర్ బిడ్డకు పెద్దమ్మ దీవెనలు.

నువ్వు జర తక్కువ మండు, ఎండలు గూడ గట్లనే ఉన్నయి. వాడంత సంబరమైతాంది. గోడలకు సున్నమేసినం. చీరెలు నకిరేకల్‌ల ఇస్త్రీకిచ్చినం. ఖాళీ బిందెల ముచ్చట మాత్రం కుదరదు. మొదటి పని మీద వచ్చే పిలగానికి ఎవరన్న ఖాళీ బిందె ఎదురు పెడతరా? పక్కింటి బిక్షమ్మ అయితే "గీనికి సదువు చెప్పినోళ్ళెవరే?" అని నన్నే తిట్టింది. నిండు బిందెలతోనే ఎదురొస్తం.

నీ మేలు కోరే
పెద్దమ్మ

తా.క.: నింపనీకె నీళ్ళేవని అడగకు. గది మేం చూసుకుంటం.

*

మూఢనమ్మకాలకు లొంగిపోయిన పెద్దమ్మకు,

నిండు బిందెలు చూపించి నీళ్ళు లేవంటే జనం నన్నే నిలదీస్తారు! శకునమనేది పాలకులు పన్నిన కుట్ర అని నేను కరపత్రంలో చదివాను. సున్నం గీకేయండి! చీరలు నలపండి! బిక్షమ్మకు నా నిరసన తెలియజేయి.

ఆగ్రహంతో,
కమలాకర్

తా.క.: పోనీ, ఒక్క ఖాళీ బిందె. ఒక్కటంటే ఒక్కటి. ఆ అపశకునమేదో నేనే మోస్తాను.

*

కోపిష్టి కమలాకర్‌కు పెద్దమ్మ దీవెనలు.

గట్ల ఒత్తి రాస్తరా? కాయితం చినిగింది. మొన్న బోరు గూడ ఎత్తిపోయింది. ఇగ నిండు బిందెలెట్ల? అందరం పోయి సర్పంచ్ గుర్వయ్య ఇంటి ముందర కూసున్నం. "మా పిలగాడు కెమెరతోని వస్తుండు. ఖాళీ బిందె ఎదురైతె నీ పేరే చెప్తం" అన్నం. ఏడాది సంది దొరకని పైపు పగులు పొద్దుగూకక ముందే దొరికింది, ఆయన కొత్త ప్రహరీ కిందనే!

నల్లా వచ్చింది బిడ్డా. నీ కోసమని ఒక్క బిందె ఖాళీగ దాచిపెట్టిన. బిక్షమ్మ చూసి దాన్ని గూడ నింపింది. కోపం చేసుకోకు. ఆదివారం రా, సల్లటి నీళ్ళు తాగు. కెమెర గూడ తే, ఇస్త్రీ చీరెలు అట్లనే ఉన్నయి.

కడుపు సల్లబడ్డ
పెద్దమ్మ

తా.క.: మీ నాయిన వచ్చి నల్లా తిప్పిండు, చానాసేపు కట్టెయ్యలే. దుకాణం ముందర మురికి మోరీ రెండేండ్ల సంది పొంగుతాందట. సినిమా తీయనీకె వస్తున్ననని మున్సిపాలిటీ ఆఫీసోళ్ళకు నిన్ను ఒక ఉత్తరం రాయమన్నడు. నువ్వు రానక్కరలేదట.