కోతంటే ఇంకో అర్థం

రాజమండ్రి

నాన్నగారికి, నేను కులాసా. నన్ను జియాలజీ మాన్పించి కంప్యూటర్స్‌లో చేర్పిస్తానన్నారు కదా, ఫోనులో అయితే నా మాట సాగనివ్వరని కార్డు రాస్తున్నాను.

మా జియాలజీ మేడమ్ గారు చదవమన్న పుస్తకాల్లో మొదటిది నదుల గురించి. నిన్న క్లాసులో ఆవిడ, "కోత ఎక్కువైతే ఊరు ఖాళీ అవుతుంది" అన్నారు. "కోతలప్పుడు ఊరు ఖాళీయే కదండీ, అందరం చేలోనే ఉంటాం" అన్నాను. ఆవిడ పకపకా నవ్వి, "వరికోత కాదమ్మా, గోదారి గట్టును కోసుకుపోవడం!" అన్నారు. సిగ్గేసింది గానీ, తెలిసిన మాటకే ఇంకో అర్థం దొరికిందని సాయంత్రం దాకా సంబరంగా ఉంది.

అమ్మ మోకాలి నొప్పి తగ్గిందా? పూతరేకులు పంపితే మేడమ్ గారికీ ఇస్తాను. మామ్మకు నా నమస్కారాలు.

కంప్యూటర్స్‌కు దరఖాస్తు పెట్టకండి, నాన్నగారూ. పెట్టేసి ఉంటే, మేడమ్ గారి రెండో పుస్తకం పూర్తయ్యాకే మారతానని కాలేజీ వాళ్లకు చెప్పండి. అది చాలా లావు పుస్తకం.

మీ దుర్గాశ్రీ